మా మిద్దె పిట్టగోడ మీది నీటి ఎలుగుబంట్లు

కావలిలో ఒక చిన్న డయాగ్నొస్టిక్ ల్యాబ్‌లో పదకొండేళ్లుగా టెక్నీషియన్‌గా పనిచేస్తున్నాను. మలేరియా స్మియర్లు, యూరిన్, మోషన్ టెస్టులు. రోజులో సగం మైక్రోస్కోప్ ముందే గడుస్తుంది. అయినా ఒక నీటి ఎలుగుబంటిని కళ్లారా చూడటానికి నాకు ఐదు వారాలు పట్టింది. దాన్ని ఎండబెట్టి మళ్లీ కదిలించడానికి ఇంకో రెండు నెలలు పట్టింది. నేనెక్కడ తప్పు చేశానో తెలిస్తే ఇంకొకరికి అన్ని రోజులు పట్టవని రాస్తున్నాను.

దీనికి మూలం మా అక్క కూతురు. అప్పుడు పదో తరగతి. దసరా సెలవులకు వచ్చి, ఫోన్లో ఒక వీడియో చూపించింది. "మామా, దీన్ని అంతరిక్షంలో పడేసినా చావదంట. నీ మైక్రోస్కోప్‌లో కనపడుద్దా?"

వీడియోలో ఎనిమిది కాళ్ల జీవి ఒకటి బొద్దుగా, మెల్లగా నడుస్తోంది. టార్డిగ్రేడ్, ముద్దుపేరు నీటి ఎలుగుబంటి. ఇదేదో అంటార్కిటికాలోనో హిమాలయాల్లోనో ఉండే జీవి అయ్యుంటుంది, మన ఎండలకి ఇక్కడెందుకు ఉంటుంది అన్నాను. ఆ రాత్రి కూర్చుని చదివితే నేను చెప్పింది తప్పని తేలింది. 2020లో బెంగళూరులోని ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్ వాళ్లు ఒక రకం టార్డిగ్రేడ్ గురించి పేపర్ రాశారు. క్రిముల్ని చంపడానికి వాడే యూవీ (అతినీలలోహిత) లైటు కింద గంటసేపు ఉంచినా అది తట్టుకుందట. ఒంట్లో ఉన్న ఏదో పదార్థం ఆ యూవీని పీల్చుకుని నీలంగా వెలుగుతుందట. అదంతా అలా ఉంచితే, నన్ను పట్టుకున్న ముక్క వేరే. ఆ జీవి వాళ్లకి దొరికింది వాళ్ల క్యాంపస్‌లోనే, నాచు పట్టిన ఒక కాంక్రీటు గోడ మీద. బెంగళూరు గోడ మీద ఉన్నప్పుడు కావలి గోడ మీద ఎందుకుండదు?

అక్టోబరు చివర్లో మనకి అసలు వానలు మొదలయ్యాయి. సంపు పక్కన, బాత్రూమ్ గోడ వెనక పచ్చగా పట్టింది. దాన్ని చెంచాతో గోకి డబ్బాలో వేసుకుని ల్యాబ్‌కి తీసుకెళ్లాను. పని అయ్యాక, మా సార్ అనుమతితో, పాత మైక్రోస్కోప్ మీద రోజూ ఒక గంట చూసేవాణ్ణి. పచ్చటి దారాలు, గుండ్రటి కణాలు, అటూ ఇటూ పరిగెత్తే ఏకకణ జీవులు కనపడేవి. ఎలుగుబంటి మాత్రం లేదు. రెండు వారాలు అదే వరస.

తప్పంతా మాటలో ఉంది. మనం పచ్చగా పట్టిన దేన్నైనా నాచు అంటాం, పాచి అంటాం. నేను గోకింది పాచి, అంటే జారుడుగా ఉండే శైవలం. టార్డిగ్రేడ్లు ఎక్కువగా దొరికేది మాస్ మొక్కల్లో. మాస్ చేత్తో ముట్టుకుంటే తెలిసిపోతుంది. జారదు. మఖమల్ గుడ్డలా మెత్తగా, పొట్టిగా ఉంటుంది. కళ్లకి దగ్గరగా పెట్టుకుంటే బియ్యపు గింజంత కూడా లేని మొక్కలు, వాటికి ఆకులు కనపడతాయి. వాన వచ్చినప్పుడు పచ్చగా విచ్చుకుంటుంది, నాలుగు రోజులు ఎండ కాస్తే నల్లగా ముడుచుకుంటుంది. ఇది మా మిద్దె మీదే, పిట్టగోడకి ఉత్తరం వైపు, సిమెంటు పగుళ్ల వెంట రెండు బారల పొడవున ఉంది. ఎన్నేళ్లుగా ఉందో! దాని మీదే బట్టలు ఆరేస్తున్నాం.

అగ్గిపెట్టె మూతంత ముక్క ఊడదీసి, సాసర్‌లో తలకిందులుగా పెట్టి, వాన నీళ్లు పోసి రాత్రంతా నానబెట్టాను. మా కుళాయి నీళ్లు ఉప్పగా ఉంటాయి, అందుకే మిద్దె మీద గిన్నె పెట్టి పట్టిన వాన నీళ్లు వాడాను. పొద్దున ఆ ముక్కని అదే సాసర్‌లో గట్టిగా పిండి, నీళ్లని టెస్ట్ ట్యూబుల్లో పోసి అరగంట కదపకుండా నిలబెట్టాను. మట్టిని త్వరగా అడుక్కి దించే సెంట్రిఫ్యూజ్ మిషన్‌లో తిప్పుదామా అనిపించింది కానీ వద్దనుకున్నాను. అడుగున చేరిన మట్టిలోంచి ఒక చుక్క స్లైడ్ మీదికి.

అక్కడే ఇంకో తప్పు. అలవాటు కొద్దీ చుక్క మీద కవర్ స్లిప్, అంటే పల్చటి గాజు బిళ్ల, వేసేశాను. మనం రోజూ చూసే ఎర్ర రక్తకణం అడ్డంగా 0.007 మిల్లీమీటర్లు ఉంటుంది. టార్డిగ్రేడ్ ఎక్కువగా 0.2 నుంచి 0.5 మిల్లీమీటర్ల పొడవు. రక్తకణం పక్కన పెడితే అదొక ఏనుగు. కవర్ స్లిప్ కింద పడితే నలిగిపోతుంది. స్లిప్ నాలుగు మూలలా వాసెలిన్ కొంచెం కొంచెం పెడితే కింద జాగా మిగులుతుంది. వెతికేటప్పుడు అసలు స్లిప్ లేకుండా 10ఎక్స్ లెన్స్ మీద చూడటమే మంచిది. కింద నుంచి వెలుతురు పంపే కండెన్సర్‌ని బాగా దించి, వెలుతురు తగ్గించాలి. ఒళ్లు గాజులా ఉంటుంది కాబట్టి ఎక్కువ వెలుతురులో కళ్ల ముందే ఉన్నా కనపడదు.

మూడో రోజు రోటిఫర్లు కనపడ్డాయి. మూతి దగ్గర రెండు చక్రాలు తిరుగుతున్నట్టుండే జీవులు. వాటితో పాటు పాముల్లా కొట్టుకునే నులిపురుగులు. ఈ రెండూ, టార్డిగ్రేడూ ఒకే చోట కాపురముండేవే. కాబట్టి సరైన చోటే వెతుకుతున్నానని ధైర్యం వచ్చింది.

ఐదో రోజు సాయంత్రం కనపడింది.

ఒక ఇసుక రేణువుని వెనక కాళ్లతో పట్టుకుని, ముందు ఆరు కాళ్లనీ గాల్లో ఈదుతున్నట్టు కదుపుతోంది. గాజు మీద దానికి పట్టు దొరకదు, అందుకని ఎక్కడికీ పోలేక ఆ రేణువునే పట్టుకుని వేలాడుతోంది. నాలుగు జతల కాళ్లు, ప్రతి కాలి చివర కొంకి గోళ్లు. మూడు జతలు నడవడానికి, నాలుగోది వెనక్కి తిరిగి, పట్టుకోవడానికి. తల మీద ఆవగింజలో వెయ్యోవంతు ఉండే రెండు నల్లటి చుక్కలు, అవే కళ్లు. కడుపులో పచ్చటి ముద్ద, అది తాగిన నాచు రసం. 40ఎక్స్ కి మార్చితే నోటి వెనక రెండు సన్నటి సూదులు, వాటి వెనక ఒక గుండ్రటి కండ. సూదులతో మొక్క కణాన్ని పొడుస్తుంది, ఆ కండతో పీలుస్తుంది. ఊపిరితిత్తులు లేవు, గుండె లేదు, రక్తనాళాలు లేవు. చర్మం గుండానే గాలి అందుతుంది. మొత్తం ఒంట్లో ఉండేది వెయ్యి కణాలు, ఆ చుట్టుపక్కల. అన్ని కణాలతోనే కాళ్లు, కళ్లు, మెదడు, కడుపు, గుడ్లు.

వెంటనే అక్కకి ఫోన్ చేశాను. మరుసటి ఆదివారం పాప వచ్చి అరగంట కళ్లు తీయలేదు. "మామా, ఇది పురుగా, ఏంది?"

పురుగు కాదు. ఎలుగుబంటికీ దీనికీ చుట్టరికం లేదు. 1773లో గోజ అనే జర్మన్ పాస్టర్ మొదటిసారి దీన్ని వర్ణిస్తూ 'చిన్న నీటి ఎలుగుబంటి' అన్నాడు. 1776లో ఇటలీ శాస్త్రవేత్త స్పలాంజానీ 'మెల్లగా నడిచేది' అనే అర్థంలో టార్డిగ్రేడో అన్నాడు. వానపాము, నత్త, బొద్దింకలకి వేరువేరు ఫైలమ్‌లు (జంతువుల్లో పెద్ద వర్గాలు) ఉన్నట్టే దీనికీ సొంత ఫైలం ఉంది, టార్డిగ్రేడా. అందులో 1,300కు పైగా జాతులున్నాయి. కీటకాలు, సాలెపురుగులు, రొయ్యలు ఉండే ఆర్థ్రోపొడాకి ఇది దగ్గరి దాయాది. వాటిలాగే కుబుసం విడుస్తుంది. 2016లో జన్యువులు చూసిన శాస్త్రవేత్తలు ఒక విచిత్రం బయటపెట్టారు. కీటకానికి తల, రొమ్ము, పొట్ట ఉంటే, టార్డిగ్రేడ్ పూర్వీకుల్లో మధ్య భాగమంతా పోయింది. ఇప్పుడున్న ఒళ్లు దాదాపు అంతా కీటకం తలతో సమానం. తలకే కాళ్లొచ్చి నడుస్తోందన్నమాట! ఇది చెప్తే పాప మళ్లీ వెళ్లి ఐపీస్‌కి కళ్లు ఆనించింది.

జాతి పేరు మాత్రం నేను తేల్చలేదు. దానికి గోళ్ల కొలతలు, గుడ్ల పైన ఉండే ముళ్ల ఆకారం, ఇంకా చాలా కావాలి. కానీ పెద్ద విభాగం చెప్పొచ్చు. మా మిద్దె మీదివి నున్నటి చర్మం గలవి, యూటార్డిగ్రేడా. వింజమూరు దగ్గర మా అమ్మమ్మ వాళ్ల ఊళ్లో పాడుబడ్డ బావి రాళ్ల మీద మాస్ తెచ్చి చూస్తే వేరే రకం దొరికింది. ఇటుక రంగు, వీపు మీద పలకలు, మూతి దగ్గర మీసాల్లాంటి వెంట్రుకలు. అది హెటెరోటార్డిగ్రేడా. మూడో విభాగం ఒకటి ఉందంటారు. 1937లో జపాన్‌లో నాగసాకి దగ్గర ఒక వేడినీటి ఊటలో దొరికిన ఒకే ఒక్క జాతితో పెట్టింది. ఆ తర్వాత మళ్లీ ఎవరికీ దొరకలేదు.

డిసెంబరులో ఒకరోజు ఖాళీ కుబుసం ఒకటి కనపడింది. గోళ్లతో సహా అచ్చం జీవి ఆకారమే, లోపల ఐదు గుడ్లు. కొన్ని జాతుల్లో తల్లి కుబుసం విడిచేటప్పుడే గుడ్లు అందులో పెట్టి బయటికి వస్తుంది. తన చర్మాన్నే పిల్లలకి గూడుగా వదిలిపోవడం! పదకొండేళ్లలో మైక్రోస్కోప్ కింద నేను చూసిన వాటిలో అంత అందమైనది ఇంకోటి లేదు.

ఈలోగా సంక్రాంతి వస్తోందని అమ్మ మిద్దె గోడలు గోకించి సున్నం వేయించడానికి మనిషిని మాట్లాడింది. "అమ్మా, ఉత్తరం వైపు ఒక్కటీ వదిలెయ్" అని బతిమాలాను. "పండగపూట పాచి గోడేందిరా" అంది. చివరికి స్లైడ్ చూపిస్తే, కాసేపు చూసి, "సరే, ఉండనీ, అవీ బతకాలి కదా" అని వదిలేసింది.

ఇక ఎండబెట్టడం. నీళ్లు ఆరిపోతుంటే టార్డిగ్రేడ్ కాళ్లు లోపలికి లాక్కుని, ముడుచుకుని, చిన్న పీపాలా అవుతుంది. 1922లో బామన్ అనే జర్మన్ శాస్త్రవేత్త పెట్టిన పేరుకి అర్థం కూడా చిన్న పీపా అనే, ఇంగ్లీషులో టన్ అంటారు. ఒంట్లో నీళ్లు మూడు శాతం దాకా పడిపోతాయి, జీవక్రియ దాదాపు ఆగిపోతుంది. ఈ స్థితిని 1959లో కీలిన్ అనే శాస్త్రవేత్త క్రిప్టోబయోసిస్ అన్నాడు. దాగిన జీవం.

స్లైడ్ మీద తొమ్మిదింటిని పెట్టి, ఫ్యాన్ కింద ఆరబెట్టాను. ఇరవై నిమిషాల్లో ఆరిపోయాయి. మర్నాడు నీళ్లు పోశాను. ఉబ్బాయి, కాళ్లు చాచాయి, కానీ ఒక్కటీ కదల్లేదు. రెండు రోజులు చూశాను. తొమ్మిదీ పోయాయి. చావులేని జీవి అని అందరూ చెప్పేదాన్ని ఫ్యాన్ గాలితో చంపేశాను. ఆ రాత్రి చాలా బాధేసింది.

కారణం తర్వాత తెలిసింది. పీపాగా మారడం ఒక పని. దానికి టైం కావాలి. ఎండిపోతున్న కణాల్లో నీళ్ల స్థానంలో గాజులా గట్టిపడే ప్రోటీన్లు తయారవ్వాలని 2017లో అమెరికా శాస్త్రవేత్తలు చూపించారు. నేను ఆ టైం ఇవ్వలేదు. రెండోసారి ఫిల్టర్ పేపర్ ముక్క మీద పదకొండింటిని పెట్టి, పెట్రీ డిష్‌లో (మూతున్న చదును గిన్నె) పక్కనే తడి దూది ఉంచి, మూత కొంచెం ఓరగా పెట్టాను. ఆరడానికి రెండు రోజులు పట్టింది. ఫిబ్రవరి మొదట్లో, రెండు వారాల తర్వాత నీళ్లు వేశాను. నలభై నిమిషాలకి ఒకదాని కాలు కదిలింది. మూడు గంటలకి ఏడు నడుస్తున్నాయి.

2007లో యూరప్ వాళ్లు ఫోటాన్-ఎం3 అనే ఉపగ్రహం మీద పది రోజులు అంతరిక్షంలో తెరిచి ఉంచింది కూడా ఇలా ఎండిన వాటినే. శూన్యాన్ని వాటిలో చాలావరకు తట్టుకున్నాయి. సూర్యుడి యూవీ కూడా పూర్తిగా తగిలిన వాటిలో బతికింది కొన్నే. దేనికీ చావదని చెప్పేవాళ్లు ఈ ఎండిన సంగతి చెప్పరు. నాకు అదే అసలు కథ అనిపిస్తుంది.

మన ఎండాకాలం ఆ సంగతి ఇంకా బాగా చూపించింది. ఏప్రిల్లో ల్యాబ్ వెనక గదిలో తడి డిష్‌లో ఒక గుంపుని ఉంచాను. ఒక రోజంతా కరెంటు పోయింది, గది కుంపటి అయింది. మర్నాటికి అన్నీ చచ్చిపోయాయి. 2020లో డెన్మార్క్ శాస్త్రవేత్తలు రామజోటియస్ అనే రకం మీద చేసిన ప్రయోగం అప్పుడు చదివాను. నీళ్లలో మెలకువగా ఉన్నవాటిని 37.1 డిగ్రీల్లో 24 గంటలు ఉంచితే సగం చచ్చిపోయాయి. 37 అంటే మన ఒంటి వేడి! అదే ఎండిన పీపాల్లో సగం చావడానికి గంటసేపు 82.7 డిగ్రీలు కావాల్సి వచ్చింది.

మే రెండో వారంలో ఇంటర్‌లో చేరబోతూ పాప మళ్లీ వచ్చింది. పిట్టగోడ మీద అరచెయ్యి ఆనించలేం. అమ్మ వదిలేసిన ఆ ఉత్తరం వైపు మాస్ నల్లగా, బొగ్గు పొడిలా అయిపోయింది. వేలితో తాకితే పొడుం రాలింది. నాలుగు నెలలుగా అక్కడ సరైన వాన చుక్క పడలేదు. "దీంట్లో ఏముంటది మామా" అంటూనే తనే చెంచాతో గోకి సాసర్‌లో వేసింది, ఈసారి క్యాన్ నీళ్లు పోసింది. పది నిమిషాల్లో ఆ బొగ్గుపొడి పచ్చబడింది.

సాయంత్రం ఐదింటికి మొదటి చుక్క చూశాం. రోటిఫర్లు అప్పటికే తిరుగుతున్నాయి. ఎలుగుబంటి ఒకటి సాగి పడుంది, కదలిక లేదు. పాప కుర్చీ వదల్లేదు. ఏడున్నరకి "మామా, వెనక కాలు" అంది. నేను చూసేసరికి ఆ కాలి గోళ్లు ఒక ఇసుక రేణువుని వెతుక్కుంటున్నాయి. తొమ్మిదింటికి ల్యాబ్ మూసేటప్పటికి ఆరు నడుస్తున్నాయి. తన నోట్‌బుక్‌లో తేదీ వేసి, పక్కన ఆరు గీతలు గీసుకుంది.