ఎన్.జి. రంగా ఎన్నికల పట్టిక: ఓటములు ఏ కాగితాల్లో ఉంటాయి?

ఒక నాయకుడి ఎన్నికల చరిత్ర రాయాలంటే ఎవరైనా ముందు తెరిచేది లోక్‌సభ సభ్యుల పరిచయమే. రైతు నాయకుడు ఆచార్య ఎన్.జి. రంగా గారి పట్టిక నేనూ అక్కడే మొదలుపెట్టాను. రెండో లోక్‌సభకు తెనాలి, మూడో దానికి చిత్తూరు, నాలుగో దానికి శ్రీకాకుళం. ఏడు, ఎనిమిది, తొమ్మిది మూడూ గుంటూరు. చూస్తే నిండుగా ఉంటుంది. అయితే ఆ పరిచయం చెప్పేది సభ్యత్వం గురించి, పోటీ గురించి కాదు. ఓడిన ఎన్నిక ఒక్కటీ అందులో కనబడదు. గుంటూరు జిల్లాలో రంగా గారి మీద ఉన్న అభిమానం కొద్దీ చాలామంది ఆ జాబితానే ఎత్తి రాసేస్తారు. ఓటములు లేని పట్టికతో ఆయన రాజకీయం అర్థం కాదని నా గట్టి అభిప్రాయం.

పట్టికలో నేను పెట్టుకున్న గడులు ఇవి: సంవత్సరం, సభ, నియోజకవర్గం, సాధారణ ఎన్నికా ఉప ఎన్నికా, పార్టీ, వచ్చిన ఓట్లు, మొత్తం చెల్లిన ఓట్లు, సమీప ప్రత్యర్థి, ఆధారం. ఆధారం గడి ఖాళీగా ఉన్న వరుసను లెక్కలోకి తీసుకోను. వీటిలో ఎక్కువ పని పెట్టేది ‘ఉప ఎన్నికా’ అన్న గడి. ఎందుకో 1962 చూస్తే తెలుస్తుంది.

ఎన్నికల సంఘం ప్రతి సాధారణ ఎన్నికకూ గణాంక నివేదిక వేస్తుంది. 1962 నివేదికలో తెనాలి దగ్గర, 1959లో పుట్టిన ‘స్వతంత్ర’ అనే పార్టీ అభ్యర్థిగా రంగా గారు ఓడినవాళ్లలో ఉంటారు. మరి మూడో లోక్‌సభలో ఎలా కూర్చున్నారు? చిత్తూరులో గెలిచిన అనంతశయనం అయ్యంగారు అదే ఏడాది బీహార్ గవర్నరుగా వెళ్లారు, ఖాళీ అయిన సీటుకు జరిగిన ఉప ఎన్నికలో రంగా గారు గెలిచారు. 1967లోనూ అంతే. సాధారణ ఎన్నిక నివేదికలో శ్రీకాకుళం విజేత గౌతు లచ్చన్న. తన గురువు కోసం లచ్చన్న ఆ సీటు వదులుకున్నారు, తర్వాతి ఉప ఎన్నికలో రంగా గారు సభకు వచ్చారు. నివేదికొక్కటే పట్టుకుంటే పరిచయం తప్పనిపిస్తుంది, పరిచయమొక్కటే పట్టుకుంటే తెనాలి ఓటమి మాయమవుతుంది. రెండూ పక్కపక్కన పెట్టుకుని, ఎక్కడ పొసగడం లేదో అక్కడ ఉప ఎన్నిక కోసం వెతకాలి.

ఉప ఎన్నికల ఓట్లకు పాత దినపత్రికలే గతి. ప్రెస్ అకాడమీ స్కాన్ చేయించిన ఆంధ్రపత్రిక సంచికలు ఇంట్లోంచే చూడొచ్చు. 1960లో విజయవాడలోనే మొదలైన ఆంధ్రజ్యోతి ఆ తర్వాతి ఎన్నికలకు పనికొస్తుంది. పత్రికలో ఫలితం చూసేటప్పుడు మొదటి రోజు వార్త నమ్మకూడదు. అప్పటి లెక్కింపు బ్యాలెట్ కాగితాలతో కాబట్టి తొలి వార్తలో ఉండేది ఆధిక్యం మాత్రమే. అంకెలు గుండ్రంగా, సున్నాలతో ముగుస్తుంటే అది తుది ఫలితం కాదనే అనుకోండి. చివరి అంకె దాకా ఓట్లు, చెల్లని ఓట్లు విడిగా ఇచ్చిన వార్త దొరికేవరకు తర్వాతి సంచికలు తిప్పాలి.

నివేదికల్లో వెతకడానికీ కొంచెం తెలివిడి కావాలి. మొదటి సాధారణ ఎన్నికలు 1951 అక్టోబరు నుంచి 1952 ఫిబ్రవరి దాకా జరిగాయి, నివేదిక మీద మాత్రం 1951 అని ఉంటుంది. అప్పటికి ఆంధ్ర రాష్ట్రం లేదు కనుక గుంటూరు, తెనాలి వివరాలు మద్రాసు రాష్ట్రం కింద ఉంటాయి. పేరు కూడా ఒక్కలా ఉండదు: ఇంటిపేరు గోగినేనితో, పూర్తి పేరు రంగనాయకులుతో, ఉత్త పొడి అక్షరాలతో, అన్ని రకాలుగానూ వెతకాలి. స్కాన్ చేసిన పేజీల్లో అక్షరాలు చెరిగిపోయి వెతుకులాట పనిచేయకపోతే నియోజకవర్గం దగ్గరికి వెళ్లి కళ్లతో చదవడమే.

శాతాల దగ్గర జరిగే పొరపాటు ఒక్కటే, కానీ అది అందరూ చేస్తారు. ఓట్ల శాతం కట్టడానికి పోలైన ఓట్లతో కాదు, చెల్లిన ఓట్లతో భాగించాలి. 2022 కాంగ్రెస్ అధ్యక్ష ఎన్నికే చూడండి. పోలైనవి 9,385, ఖర్గేకు 7,897, థరూర్‌కు 1,072, చెల్లనివి 416. పోలైన ఓట్లతో భాగిస్తే ఖర్గేకు 84.1 శాతం, చెల్లిన 8,969తో భాగిస్తే 88 శాతం. దాదాపు నాలుగు శాతం తేడా.

రాజ్యసభ వరుసలకు శాతమే రాయను. రంగా గారు 1952లోనూ 1977లోనూ రాజ్యసభకు వెళ్లారు, ఆ ఓట్లు ఎమ్మెల్యేలవి, అదీ ప్రాధాన్యక్రమంలో వేసేవి. ఇప్పటి 175 మంది ఆంధ్రప్రదేశ్ శాసనసభలో మూడు సీట్లకు పోటీ జరిగి అందరి ఓట్లూ చెల్లితే ఒక్కో సీటుకు 44 మంది మొదటి ప్రాధాన్య ఓట్లు చాలు. దాన్ని లోక్‌సభ ఓట్ల పక్కన పెట్టి పోల్చడంలో అర్థం లేదు.

పార్టీ ఎన్నికల లెక్క వేరు. వాటికి ప్రభుత్వ నివేదిక ఉండదు. 1951లో ఆంధ్ర కాంగ్రెస్ అధ్యక్ష పదవికి రంగా గారి మీద పోటీ చేయడానికి నీలం సంజీవరెడ్డి మద్రాసు మంత్రి పదవికి రాజీనామా ఇచ్చి మరీ దిగారు, గెలిచారు. రంగా గారు కాంగ్రెస్ వదిలి కృషికార్ లోక్ పార్టీ పెట్టడానికి దారి అక్కడే పడింది. ఆయన జీవితంలో ఇంత బరువైన ఎన్నిక పార్లమెంటు రికార్డులో ఎక్కడా లేదు! అఖిల భారత కాంగ్రెస్ అధ్యక్ష ఎన్నికలకైతే అంకెలు సులువుగా దొరుకుతాయి: మన కృష్ణా జిల్లా పట్టాభి సీతారామయ్య 1939లో సుభాష్ చంద్రబోస్ చేతిలో 1,377–1,580తో ఓడి, 1948లో పురుషోత్తమదాస్ టాండన్ మీద 1,199–1,085తో గెలిచారు. రాష్ట్ర కమిటీ ఎన్నికకు ఆ రోజు పత్రికలు, ఇరువర్గాల వాళ్లు రాసుకున్న ఆత్మకథలు కలిపి చూడాలి. అంకె రెండు చోట్ల కలిస్తేనే రాస్తాను, లేకపోతే ‘ఓటమి’ అని మాత్రం రాసి వదిలేస్తాను. 1959లో స్వతంత్ర పార్టీ పుట్టినప్పుడు ఆయన అధ్యక్షుడయ్యారు, అది పోటీ మీద వచ్చింది కాదు కాబట్టి ‘ఎంపిక’ అని పెట్టాను.

మళ్లీ కాంగ్రెస్ తరఫున సాధించిన గుంటూరు గెలుపులు మూడింటి పక్కనా ఇంకో గడి చేర్చాల్సి వచ్చింది: ఆ ఏడాది రాష్ట్రంలో కాంగ్రెస్‌కు వచ్చిన లోక్‌సభ సీట్లు. 1980లో 42కు 41, 1989లో 39. ఈ రెండు గాలుల్లో గెలవడం ఒక ఎత్తు. 1984లో తెలుగుదేశం 30 సీట్లు ఊడ్చుకుపోగా కాంగ్రెస్‌కు మిగిలినవి ఆరే, అందులో గుంటూరు ఒకటి. ఈ గడి లేకపోతే మూడూ ఒకేలాంటి గెలుపుల్లా కనబడతాయి. ఆ ఓట్లను 2009 తర్వాతి గుంటూరు ఓట్లతో మాత్రం పోల్చకండి. 2008 నియోజకవర్గాల పునర్విభజనలో తెనాలి లోక్‌సభ స్థానం రద్దయి, తెనాలి, రంగా గారి నిడుబ్రోలు ఉన్న పొన్నూరు, రెండూ గుంటూరు కిందికి వచ్చాయి.