తట్ట మోసిన బిషప్ గారి గుడి: నాన్నతో లింకన్

నాన్న ఇక్కడికి, ఇంగ్లండ్‌కి, వచ్చి నెల దాటింది, మాల్స్ చూపిస్తే విసుక్కుంటున్నాడు, పార్కుకి తీసుకెళ్తే బెంచీ మీద కూర్చుని టైమెంతైంది అని అడుగుతున్నాడు. ఆయన నలభై ఏళ్ళు తెనాలి చుట్టుపక్కల తాపీ మేస్త్రిగా పనిచేసిన మనిషి, ఆయనకి చూపించాల్సింది రాతి కట్టడం అని నాకు ఎందుకు తట్టలేదో. శనివారం పొద్దున్నే నాటింగ్‌హామ్‌లో లింకన్ అనే ఊరికి ట్రైన్ ఎక్కాం, గంట ప్రయాణం. అమ్మ మోకాళ్ళ నొప్పులని ఇంట్లోనే ఉండిపోయింది, మంచిదే అయింది, ఎందుకంటే స్టేషన్ నుంచి కెథడ్రల్‌కి, అంటే బిషప్ పీఠం ఉండే పెద్ద చర్చికి, వెళ్ళే దారి పేరే స్టీప్ హిల్, రాళ్ళు పరిచిన నిట్టనిలువు సందు, మధ్యలో మూడుసార్లు ఆగాం.

పైకెక్కి గేటు దాటగానే ఎదురుగా ముందు గోడ. నాన్న చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత చెయ్యెత్తి చూపించి "ఇది ఒకళ్ళు కట్టింది కాదమ్మా, ఆ మధ్యలో ఉన్న ఆర్చీలు గుండ్రంగా ఉన్నాయి, చుట్టూ ఉన్నవి మొన తేలి ఉన్నాయి, ముందు ఒకళ్ళు కడితే తర్వాత ఇంకొకళ్ళు దానికి అతికారు" అన్నాడు. నేను ట్రైన్‌లో ఫోన్‌లో చదువుకుంటూ వచ్చిందంతా ఆయన ఒక్క చూపులో చెప్పేశాడు. ఆ పాత భాగం రెమీజియస్ అనే బిషప్ కట్టించింది. విలియం రాజుతో పాటు 1066లో నార్మండీ నుంచి వచ్చినాయన, 1072లో పీఠాన్ని థేమ్స్ ఒడ్డున ఉన్న డార్చెస్టర్ నుంచి ఈ కొండ మీదికి మార్చాడు. కట్టించిన గుడికి 1092లో ప్రతిష్ఠ పెట్టుకుంటే సరిగ్గా దానికి రెండు మూడు రోజుల ముందు పోయాడు పాపం. తర్వాత ఒకసారి తగలబడింది, అలెగ్జాండర్ అనే బిషప్ బాగుచేయించాడు, 1185లో భూకంపం వచ్చి చాలాభాగం పడిపోయింది, ఈ ముందు గోడ మాత్రం నిలబడింది.

అప్పుడొచ్చాడు హ్యూ. ఈయన గురించే నేను అసలు రాద్దామనుకుంది. ఫ్రాన్స్ వైపు కొండల్లో మౌనంగా బతికే కార్తూసియన్ సన్యాసి, రెండో హెన్రీ రాజు ఇంగ్లండ్‌లో విథమ్ అనే చోట మఠం కట్టించడానికి పిలిపించాడు. ఆ మఠం కోసం అక్కడి రైతుల్ని ఖాళీ చేయించారని తెలిసి, వాళ్ళకి నష్టపరిహారం పైసాతో సహా ఇచ్చేదాకా నేను పని మొదలుపెట్టనని రాజుతోనే చెప్పాడు, రాజు ఇచ్చాడు కూడా. 800 ఏళ్ళ కిందటి మాట ఇది! 1186లో లింకన్ బిషప్ అయ్యాడు, 1192లో ఈ గుడిని మళ్ళీ కట్టడం మొదలుపెట్టాడు, కూలీలతో పాటు తను కూడా తట్టలో రాళ్ళూ సున్నం మోశాడని ఆయన చరిత్రలో రాశారు. అది చెప్పగానే నాన్న నా వైపు తిరిగి "బిషప్ అంటే మన కలెక్టర్ కంటే పెద్దా?" అన్నాడు. చాలా పెద్ద నాన్నా, ఈయన అధికారం థేమ్స్ నది దాకా ఉండేది అన్నాను. నాన్న పన్నెండో ఏట నెత్తిన చుట్టకుదురు పెట్టుకుని తట్ట మోయడంతోనే పనిలోకి దిగాడు, ఆ మాట విన్నాక లోపల ఎంతసేపు తిరిగినా అలసట అనలేదు.

లోపల హ్యూ కట్టించిన కోయిర్, అంటే పాటల బృందం కూర్చునే భాగం, దాని పైకప్పు చూసి మొదట మొహం చిట్లించాడు. మామూలుగా కప్పు మీద రాతి పట్టీలు నాలుగు మూలల నుంచి వచ్చి మధ్యలో ఒకచోట కలవాలి కదా, ఇక్కడ కలవవు, పక్కకి జరిగిపోయి రెండు చోట్ల కలుస్తాయి, దీన్ని ఇక్కడ క్రేజీ వాల్ట్ అంటారు. "సెంట్రింగ్ జరిగిపోయిందా ఏంటి" అని గొణిగి, మెడ వెనక్కి వాల్చి ఒక్కో గదీ లెక్కపెట్టుకుంటూ నడిచాడు. చివరికొచ్చి "లేదు, అన్నిట్లోనూ ఒకేలా జరిగింది, తప్పైతే ఒకచోట ఒకలా ఇంకోచోట ఇంకోలా ఉంటది, ఇది కావాలని చేసిందే" అన్నాడు. ఆ మేస్త్రి పేరు జెఫ్రీ డి నోయర్స్ అని చెప్తే రెండుసార్లు పలికించుకున్నాడు.

హ్యూ పని పూర్తవడం చూడలేదు, 1200 నవంబర్‌లో లండన్‌లో పోతే ఇక్కడికి తీసుకొచ్చారు, జాన్ రాజు కూడా శవపేటికకి భుజం పట్టాడు. 1220లో సెయింట్‌గా ప్రకటించాక జనం తండోపతండాలుగా రావడంతో తూర్పు వైపు ఏంజెల్ కోయిర్ అని ఇంకో భాగం పెంచి 1280లో ఆయన్ని అక్కడికి మార్చారు. నల్లగా నిగనిగలాడే పర్బెక్ రాతి స్తంభాల మధ్య అది ఎంత బాగుందో నాకు రాయడం రావట్లేదు. మధ్య గోపురం మీద ఒకప్పుడు 160 మీటర్ల దాకా లేచిన శిఖరం ఉండేదంట, గిజా పిరమిడ్‌ని కూడా దాటిందని చెప్తారు, 1548లో గాలివానకి పడిపోయింది.

ఒకచోట మాత్రం మనసు బరువెక్కింది. 1255లో ఇక్కడ ఒక పిల్లవాడి శవం దొరికితే యూదులే చంపారని నింద వేసి 19 మందిని ఉరి తీశారు, ఆ పిల్లవాడికి ఈ గుడిలోనే సమాధి కట్టి పూజలు చేశారు. అదంతా అబద్ధమని, సిగ్గుపడాల్సిన విషయమని 1955లో చర్చి వాళ్ళే అక్కడ బోర్డు పెట్టారు. పిల్లవాడి పేరు కూడా హ్యూనే. అంతకు 65 ఏళ్ళ ముందు, 1190లో యూదుల మీదికి గుంపులు వచ్చినప్పుడు ఎదురెళ్ళి అడ్డం నిలబడ్డ బిషప్ హ్యూ కట్టించిన గుడిలోనే ఇది జరగడం నాకు మింగుడు పడలేదు. ఆ బోర్డు నాన్నకి మొత్తం తెలుగులో చదివి వినిపించాను.

బయటికొచ్చాక ముందు గోడ రెండు చివర్లా పైన ఉన్న బొమ్మలు చూపించాను. కుడివైపు బిషప్ హ్యూ, ఎడమవైపు కొమ్ము బూర ఊదుతున్న మనిషి. ఆ మనిషి స్టో అనే ఊళ్ళో పందులు కాసుకునేవాడని, జీవితమంతా కూడబెట్టుకున్న వెండి నాణేలన్నీ ఈ గుడికి ఇచ్చేశాడని ఇక్కడ చెప్పుకుంటారు. బిషప్‌ని ఎంత ఎత్తులో పెట్టారో ఆయన్నీ అంతే ఎత్తులో పెట్టారు. నాన్న ఫోన్ తీసి జూమ్ చేసి, చెయ్యి వణకకుండా గోడకి ఆనించి ఫొటో తీశాడు, తనతో ముప్పై ఏళ్ళు పనిచేసిన మేస్త్రికి వాట్సాప్‌లో పంపి వాయిస్ మెసేజ్ పెట్టాడు: "ఒరే, ఈయన పందులు కాసుకునేవాడంట, ఎక్కడ నిలబెట్టారో చూడు. రెండోవైపు తట్ట మోసినాయన ఉన్నాడు, ఉండు, అదీ పంపిస్తా."