బుధవారం సాయంత్రం, మూడో గంట

ఈ ఊరొచ్చిన నెలకి నేను తప్పు మీటింగ్‌కి వెళ్లాను. నోటీసు బోర్డు మీద ‘పారిష్ కౌన్సిల్’ అని ఉంటే చర్చివాళ్ల సమావేశం కాబోలు, వెళ్తే నలుగురు పరిచయమవుతారు కదా అని ఒక కేకు కూడా చేసి పట్టుకెళ్లాను. విలేజ్ హాల్లో ఏడుగురు కూర్చుని గంటంపావు సేపు మాట్లాడింది రోడ్డు గుంతలు, కుక్కల పెంటకి పెట్టిన డబ్బా, ఫుట్‌పాత్ మీదికి వంగిన పొదలు. దేవుడి పేరు ఒక్కసారీ రాలేదు. కేకు మాత్రం పూర్తిగా అయిపోయింది.

ఊరి పేరు రాయను. ఇక్కడ ఎవరు తుమ్మినా ఎవరిదో తెలిసిపోతుంది. ఇంగ్లండ్‌లోని డెవన్ కౌంటీలో, క్రెడిటన్ అనే చిన్న పట్టణానికి ఉత్తరాన. ఒక చర్చి, ఒక పబ్, ఒక హాలు, ఒక ఎర్ర టెలిఫోన్ డబ్బా. ఆ డబ్బాలో ఇప్పుడు ఫోను లేదు, గుండె ఆగితే వాడే డిఫిబ్రిలేటర్ ఉంది. కొట్టు లేదు. దారికి రెండు వైపులా మనిషెత్తు మట్టిగట్లు, వాటి మీద కంచె చెట్లు. ఎదురుగా ట్రాక్టరొస్తే వెనక్కి పోవాల్సింది మనమే. అలా రివర్స్‌లో నడపడం నేను ఇక్కడే నేర్చుకున్నాను.

పారిష్‌లు రెండు అన్న సంగతి ఆ రాత్రి తెలిసింది. ఒకటి ఒక చర్చి పరిధిలోకి వచ్చే ప్రాంతం, వందల ఏళ్ల నాటిది. రెండోది 1894 చట్టంతో వచ్చిన ఊరి పాలన. మనం కట్టే కౌన్సిల్ ట్యాక్స్‌లో చిన్న ముక్క దానికి పోతుంది. తమాషా ఏంటంటే గుంతలు పూడ్చడం వాళ్ల పని కాదు, రోడ్లు డెవన్ కౌంటీవి. వీళ్లు గంటసేపు బాధపడి ఉత్తరం రాస్తారు, అంతే. చర్చి పనులు చూసుకునే కౌన్సిల్ వేరే ఉంది, దాని పేరూ దాదాపు ఇదే. రెక్టర్‌గారికి, అంటే మా చర్చి పాస్టర్‌కి, మా చర్చితో పాటు చుట్టుపక్కల ఇంకొన్ని ఉన్నాయి కాబట్టి ఇక్కడ ప్రార్థన నెలకి రెండు ఆదివారాలే.

ఇదంతా విడమర్చి చెప్పింది మా పక్కింటావిడ. డెబ్బై దాటిన మనిషి, పాడి రైతు కుటుంబం. మొదటిసారి కనబడ్డప్పుడు నన్ను ‘మై లవర్’ అని పిలిస్తే గుండె ఝల్లుమంది. ఈ వైపు పోస్ట్‌మ్యాన్‌నీ అలాగే పిలుస్తారని తర్వాత అర్థమైంది. కేకు ఖాళీ పళ్లెం నా చేతికిస్తూ అంది: “చర్చి టవర్‌లో ఆరు గంటలున్నాయి, కొట్టడానికి నలుగురమే మిగిలాం. బుధవారం సాయంత్రం ఏడున్నరకి టవర్‌కి రా.”

“నేను హిందువునండీ” అన్నాను.

“మాలో సగం మంది దేన్నీ నమ్మరు. గంటలు కొట్టేసి పబ్బుకి పోతారు. నీకు రెండు చేతులున్నాయి, చాలు.”

ఇంగ్లండ్‌లో చర్చి గంట మామూలుగా ఊగి ఊరుకోదు. పెద్ద చక్రానికి బిగించి ఉంటుంది, పూర్తిగా గుండ్రంగా తిరుగుతుంది. మొదలుపెట్టే ముందు దాని మూతి ఆకాశం వైపు ఉంటుంది. తాడు లాగితే ఒక చుట్టు తిరిగి మళ్లీ తలకిందులుగా నిలబడుతుంది. మాది మధ్యరకం టవరే, అయినా అన్నిటికంటే పెద్దదైన టెనర్ 600 కిలోల పైమాటే. కండబలం అక్కర్లేదు, బలం పెట్టావంటే చెడతావు అని గంటలు నేర్పే మా టవర్ కెప్టెన్ చెబుతూనే ఉన్నాడు. తాడు మీద ఉన్ని చుట్టిన భాగాన్ని సాలీ అంటారు. ఒక లాగుకి దాన్ని పట్టుకోవాలి, రెండో లాగుకి తాడు కొస. అది పైకి వెళ్లిపోతున్నప్పుడు సమయానికి వదలాలి. లాగడం రెండు రోజుల్లో వచ్చింది, వదలడానికి నెలన్నర పట్టింది.

మూడో పాఠంలో స్టే విరగ్గొట్టాను. గంట తలకిందులుగా నిలబడ్డప్పుడు అవతలికి పడకుండా ఆపే చెక్క అది, యాష్ అనే చెట్టు కర్రతో చేస్తారు. మరీ గట్టిగా లాగితే విరిగిపోవాలనే పెడతారు, లేకపోతే అంతకన్నా ఖరీదైనవి విరుగుతాయి. పైన ఫట్‌మని చప్పుడు, “తాడు వదిలెయ్!” అని అరుపు. వదిలేశాను. తాడు పాములా పైకప్పు దాకా ఎగిరింది. వదలకపోతే నేనూ వెళ్లేదాన్ని. ఏడుపు ఆపుకుంటూ నిలబడితే ఒక్కొక్కళ్లూ వచ్చి తాము ఎప్పుడు విరగ్గొట్టారో చెప్పుకున్నారు. ఆ ముక్క ఇప్పుడు మా వంటింటి కిటికీ గట్టు మీద ఉంది.

ఆరు గంటల్ని 720 వరసల్లో మోగించొచ్చు. మిగతా చాలా చోట్ల ఆ వరసలు మారే పద్ధతిని మనసులో పెట్టుకుని మోగిస్తారు. డెవన్‌వాళ్లకి వేరే ముచ్చట, కాల్ ఛేంజెస్. ఒకరు ‘టూ టు త్రీ’ అని కేకేస్తే ఆ రెండు గంటలూ చోటు మార్చుకుంటాయి. వరసలు తక్కువే కానీ మధ్యలో వెంట్రుకంత ఖాళీ రాకూడదు, దీనికి పోటీలూ పెడతారు. నాకు మూడో గంట ఇచ్చారు. ముందు వాళ్ల తాడు కంటి చివరతో చూస్తూ, చెవితో నా చోటు వెతుక్కోవాలి. ఆఫీసు టెన్షన్ ఆ గదిలోకి రాదు, వచ్చే తీరిక ఉండదు.

టవర్ కింద ఒక పాత పెట్టె ఉంది, మూడు తాళాలది. ఒక తాళంచెవి రెక్టర్‌ది, రెండు చర్చ్‌వార్డెన్లవి, అంటే చర్చి బాగోగులు చూసే ఊరివాళ్లవి. ముగ్గురూ వస్తేగానీ తెరుచుకోకూడదు. ఊరి కాగితాలన్నీ ఇలాంటి పెట్టెల్లోనే ఉండేవట. వాటిల్లో సెటిల్‌మెంట్ పత్రాలూ ఉండేవని విని ఆగిపోయాను. 1662 చట్టం ప్రకారం, ఏడాదికి పది పౌండ్లకి తక్కువ అద్దె ఇంట్లో దిగిన కొత్త మనిషి రేపు పారిష్‌కి భారమవుతాడనిపిస్తే, 40 రోజుల్లోపు ఫిర్యాదు చేసి పాత పారిష్‌కి తిరిగి పంపించేయొచ్చు. వాళ్లూ ఇంగ్లిష్‌వాళ్లే, రెండు కొండల అవతలి నుంచి వచ్చినవాళ్లు! ఇక్కడ శాశ్వతంగా ఉండటానికి నేను పెట్టుకున్న దరఖాస్తునీ సెటిల్‌మెంట్ అనే అంటారు. దానికోసం రాసిన పరీక్షలో 24 ప్రశ్నలొచ్చాయి, గంటల గురించి ఒక్కటీ లేదు. నాకు కాస్త అన్యాయమే అనిపించింది.

నవంబర్‌లో, యుద్ధాల్లో పోయినవాళ్లని తలచుకునే ఆదివారం, గంట నాలుకకి ఒక వైపు తోలు కడతారు. ఒక దెబ్బ గట్టిగా, మరుదెబ్బ ఎక్కడో దూరపు లోయలోంచి వచ్చినట్టు. స్మారక స్తంభం మీది ఇంటిపేర్లలో రెండు ఇప్పటికీ మా వీధిలో ఉన్నాయి. ఆ రోజు మాలో ఎవరూ మాట్లాడలేదు.

మొన్న బుధవారం ఆఫీసు నుంచి వస్తుంటే విలేజ్ హాల్ బయట ఒక జంట ఆపారు. పాత ధాన్యపు కొట్టాన్ని ఇల్లుగా మార్చుకుని లండన్ నుంచి కొత్తగా వచ్చారు. వారం వారం ఈ గంటల గోలేంటి, పారిష్ కౌన్సిల్‌కి కంప్లైంట్ ఇవ్వాలి, మీటింగ్ ఇక్కడేనా అని అడిగారు. ఆ కౌన్సిల్ వేరండీ, గంటలు చర్చి కౌన్సిల్ కిందికి వస్తాయి, రెండింటికీ ముఖ్యమైన తేడా ఏంటంటే అని మొదలుపెట్టాను. ఆవిడ బుద్ధిగా ఫోనులో రాసుకుంటోంది. టైము చూస్తే ఏడు ఇరవై ఎనిమిది.

“మిగతాది రేపు చెబుతాను, నన్ను టవర్‌కి వెళ్లనివ్వండి” అని చర్చి వైపు పరిగెత్తాను.