అడుగుల నుంచి మీటర్లకు

హైదరాబాద్‌లో ఆరేళ్లు నా చేతిలో ఉన్న టేపు అడుగుల్లో కొలిచేది. నటి కళ్లు కెమెరాకి ఎనిమిదడుగుల దూరం అనుకోగానే ఫోకస్ మీద చెయ్యి దానంతటదే తిరిగేది. జర్మనీలోని మ్యూనిక్‌లో ఒక టీవీ క్రైమ్ సినిమాకి ఫోకస్ పుల్లర్‌గా, అంటే షాట్ నడుస్తుండగా లెన్స్ ఫోకస్ తిప్పే సహాయకుడిగా చేరిన రోజు చూస్తే లెన్స్ మీద అంతా మీటర్లే. ఎనిమిదడుగులంటే 2.4 అని మనసులో లెక్క కట్టేలోపు అక్కడి నటి ముందుకు వచ్చేసింది. రెండు టేకులూ ఫోకస్ పోయాయి. 22 రోజుల్లో తొంభై నిమిషాల కథ తీయాలి. టెన్షన్‌తో నా చేతులు చల్లబడ్డాయి.

భోజనాల దగ్గర మా కెమెరామన్ పక్కన కూర్చోబెట్టుకున్నాడు. అరవైకి దగ్గరపడిన మనిషి. ఇక్కడ సెట్లో అందరూ ఒకరినొకరు ‘డు’ అంటారు, అంటే ‘నువ్వు’. ‘సార్’ తప్ప ఎరగని నాకు ఆ మాట చాలా రోజులు నోట రాలేదు. ఆయన కోప్పడకుండా మిహాయెల్ బాల్‌హౌస్ అనే జర్మన్ కెమెరామన్ పని చూడమన్నాడు.

1935లో బెర్లిన్‌లో పుట్టిన బాల్‌హౌస్ బాడెన్-బాడెన్‌లో టీవీ కెమెరామన్‌గా పని చేశాడు. 1974లో జర్మన్ దర్శకుడు ఫాస్‌బిండర్ టీవీ కోసం తీయగా, ఆయన కెమెరా పట్టిన ‘మార్తా’లో ఇద్దరు ఎదురుపడి తిరుగుతుంటే, కెమెరా వాళ్ల చుట్టూ గుండ్రంగా తిరిగి వస్తుంది. ఆ షాట్ చూసిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మనుషులూ కదులుతున్నారు, కెమెరా కూడా కదులుతోంది. అలాంటి చోట ఫోకస్ పట్టాలంటే నేల మీద గుర్తులు ఎన్ని పెట్టుకున్నా, చివరికి కంటికి దూరం తెలియాల్సిందే.

నలభై దాటాక బాల్‌హౌస్ అమెరికా వెళ్లాడు. 1985లో దర్శకుడు స్కోర్సెసీ ‘ఆఫ్టర్ అవర్స్’ని తక్కువ డబ్బుతో, రాత్రిళ్లు చకచకా తీయాల్సి వచ్చినప్పుడు టీవీ పనిలో ఆయనకి అలవాటైన వేగమే అక్కరకొచ్చింది. నేను హైదరాబాద్‌లో పదేపదే చూసిన ‘గుడ్‌ఫెల్లాస్’ ఫొటోగ్రఫీ కూడా ఆయనదే. టీవీ పని సినిమా కంటే ఒక మెట్టు కింద అని అప్పట్లో నేనూ నమ్మాను. ఇప్పుడు ఎవరైనా ఆ మాటంటే ఒప్పుకోను.

రోజూ గదికి రాగానే గోడ వారగా మీటర్ల టేపు పరిచేవాణ్ని. కుర్చీని అక్కడా ఇక్కడా జరిపి, ముందు కంటితో చూసి అంకె చెప్పుకుని, ఆ తర్వాతే కొలిచేవాణ్ని. 1.8, 2.4, 3. పదో రోజున ఒక పొడవాటి నడక షాట్ మొదటి టేకులోనే ఓకే అయింది. మా కెమెరామన్ నావైపు చూసి తలూపి, వెంటనే లైట్లు మార్చమన్నాడు. ఆ రోజు ఇంకా నాలుగు సీన్లున్నాయి.