వలల దగ్గర విన్న మాటలు

మనిషికి మనిషి తోడు ఆరోగ్యాన్ని ఎలా నిలబెడుతుందో చూపించే డాక్యుమెంటరీ తీస్తున్నాను. హార్వర్డ్ విశ్వవిద్యాలయం 1938లో మొదలుపెట్టిన అధ్యయనం నేటికీ సాగుతోంది. 50 ఏళ్ళ వయసులో తమ అనుబంధాలతో తృప్తిగా ఉన్నవారే 80 ఏళ్ళకు ఎక్కువ ఆరోగ్యంగా ఉన్నారని అందులో తేలింది. ఒంటరితనం తీవ్రతను చూసి ప్రపంచ ఆరోగ్య సంస్థ కూడా 2023లో ప్రత్యేక కమిషన్ వేసింది.

ఇవన్నీ చదివి తెలుసుకున్నవి. మనసుకు పట్టింది మాత్రం విశాఖ ఫిషింగ్ హార్బర్‌లోనే. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు వేట నిషేధం కదా, మరబోట్లన్నీ ఒడ్డునే ఉంటాయి. ఆదాయం ఆగిపోయే ఆ 61 రోజుల్లో దిగులు ముఖాలే కనిపిస్తాయనుకుని వెళ్ళాను. దిగులు ఉంది, అప్పులూ ఉన్నాయి. కానీ ఒకే వల చుట్టూ నలుగురు కూర్చుని, చిరుగులు కుడుతూ, పిల్లల చదువుల గురించీ మోకాళ్ళ నొప్పుల గురించీ గంటల తరబడి మాట్లాడుకుంటున్నారు.

"ఇంటి దగ్గర కుట్టుకోవచ్చు కదా తాతా?" అని అడిగాను.

"ఒక్కడినే కూర్చుంటే చెయ్యి సాగదమ్మా" అన్నారాయన.

ఆ మాట దగ్గర సంగీతం వద్దని ఎడిటర్‌కు గట్టిగా చెప్పాను. వచ్చే వారం ఎంవీపీ కాలనీలో ఒంటరిగా ఉంటున్న ఒక విశ్రాంత ఉపాధ్యాయిని దగ్గరికి వెళ్తున్నాం. మొదటి రోజు కెమెరా తీయం. ఆవిడతో కూర్చుని కాఫీ తాగి వస్తాం.