పది గడులు

మార్చి నెలాఖరులో ఒక సాయంత్రం ఏడు గంటలకి అమెరికాలో ఐవీ లీగ్ యూనివర్సిటీలు, అంటే హార్వర్డ్, ప్రిన్స్‌టన్ లాంటి పేరున్న ఎనిమిది, ఒకేసారి అడ్మిషన్ల ఫలితాలు విడుదల చేస్తాయి. ఎంసెట్ ఫలితాల రోజు మన ఇళ్ళల్లో ఉండే టెన్షనే ఆ సాయంత్రం ఇక్కడి తెలుగువాళ్ళ ఇళ్ళల్లో ఉంటుంది. నేను న్యూజెర్సీలో ఒక ప్రభుత్వ హైస్కూలు కౌన్సెలింగ్ ఆఫీసులో పనిచేస్తున్నాను. పిల్లల ట్రాన్స్‌క్రిప్టులు యూనివర్సిటీలకి పంపడం నా పని. మర్నాడు పొద్దున వాళ్ళ మొహాలు చూస్తే చాలు, ఎవరి సంగతి ఏమైందో నాకు తెలిసిపోతుంది.

ఈ ఏడాది ఆ మర్నాడు నా మనసే బాగోలేదు. మాకు బాగా కావలసినవాళ్ళ అమ్మాయి ఎనిమిది చోట్ల పెట్టుకుంటే ఒక్కచోటా రాలేదు. కాలేజీ ప్రవేశాలకి రాసే ఎస్ఏటీ పరీక్షలో 1600కి 1560 వచ్చిన పిల్ల. మధ్యాహ్నం భోజనాల దగ్గర ఎవరో మాట ఎత్తేసరికి ఉండబట్టలేక, "మా పిల్లలు రాత్రీ పగలూ కష్టపడి చదువుతారు. అయినా మా పిల్లలకే అన్యాయం జరుగుతోంది" అన్నాను.

మా స్కూలు క్యాంటీన్‌లో వండే ఆవిడ అదే బల్ల దగ్గర కూర్చుని ఉంది. డొమినికన్ రిపబ్లిక్ నుంచి వచ్చి ఇరవై ఏళ్ళయింది. వాళ్ళబ్బాయి మా స్కూల్లోనే పన్నెండో తరగతి. ఆవిడ చెంచా పక్కన పెట్టి, "మావాడు సూపర్ మార్కెట్‌లో పని ముగించుకుని రాత్రి పదకొండు దాటాక ఇంటికొస్తాడు. వచ్చాక పుస్తకం తీస్తాడు. అది కష్టం కాదా?" అంది. గొంతు పెంచలేదు. నేను సర్దిచెప్పబోయేలోపే పళ్ళెం తీసుకుని లేచి వెళ్ళిపోయింది.

ఆ రాత్రి మా ఆయనతో చాలాసేపు వాదించాను. వాదించడానికి ఆయనేమీ అనలేదు, నాతో నేనే వాదించుకున్నాను. నేనేమన్నాను తప్పు? మనవాళ్ళకి అన్యాయం జరగలేదా? ఆసియా పిల్లల మీద వివక్ష చూపిస్తోందని హార్వర్డ్ మీద 2014లో వేసిన కేసు 2018లో బోస్టన్ కోర్టులో విచారణకి వచ్చినప్పుడు ఎన్ని విషయాలు బయటపడ్డాయి! దరఖాస్తు పెట్టిన ప్రతి పిల్లవాడికీ వాళ్ళు వ్యక్తిత్వానికి కూడా ఒక అంకె వేసేవారు. ఆసియా మూలాలున్న పిల్లలకి చదువులో మంచి అంకెలు వచ్చి, ఈ వ్యక్తిత్వం దగ్గర తగ్గాయి. ఎదురుగా కూర్చోబెట్టుకుని ఇంటర్వ్యూ చేసిన పూర్వ విద్యార్థులు తెల్లపిల్లలతో సమానంగానే వేశారు. పిల్లల మొహమైనా చూడకుండా కాగితాలు తిరగేసిన ఆఫీసు తక్కువ వేసింది. కావాలని చేసిన వివక్ష కాదని 2019లో ఆ కోర్టు జడ్జి తేల్చారు. నాకు ఆ మాట ఈ రోజుకీ మింగుడుపడదు.

పైగా ఇది కొత్త ఎత్తు కాదు. వందేళ్ళ కిందట అదే హార్వర్డ్‌లో యూదుల పిల్లలు ఐదో వంతు దాటేసరికి అప్పటి ప్రెసిడెంట్ లోవెల్ వాళ్ళ సంఖ్యకి హద్దు పెట్టాలని చూశారు. నేరుగా కోటా పెడితే గొడవైందని, 1926 నుంచి మార్కులతో పాటు శీలం, వ్యక్తిత్వం చూడటం మొదలుపెట్టారు. యూదుల పిల్లలు తగ్గిపోయారు. అందుకే వ్యక్తిత్వం అన్న మాట వినగానే నాకు ఒళ్ళు మండుతుంది.

అప్పటిదాకా అడ్మిషన్లలో నల్లపిల్లలకి, హిస్పానిక్ (లాటిన్ అమెరికా మూలాలున్న) పిల్లలకి కొంత మొగ్గు ఉండేది. అదే కేసులో 2023 జూన్ 29న ఇక్కడి సుప్రీంకోర్టు, ఇక అడ్మిషన్లలో జాతిని చూడకూడదని తీర్పు చెప్పింది. ఆ రోజు మా వాట్సాప్ గ్రూపులో పండగే. ఇక మన పిల్లలకి దారి తెరుచుకుంది అన్నారు. నేనూ చేతులు జోడించిన బొమ్మ ఒకటి పెట్టాను. ఆ తీర్పు ముట్టుకోకుండా వదిలేసిన దాని గురించి మాత్రం ఎవరూ మాట్లాడలేదు. నేనూ మాట్లాడలేదు.

వదిలేసింది దేన్నంటే, అమ్మో నాన్నో అదే యూనివర్సిటీలో చదివి ఉంటే పిల్లలకి దొరికే మొగ్గు. ఇక్కడ దాన్ని లెగసీ అంటారు. ఆ కేసులోనే బయటికొచ్చిన లెక్క ప్రకారం, హార్వర్డ్‌కి అలా దరఖాస్తు పెట్టినవాళ్ళలో నూటికి దాదాపు 34 మందికి సీటొచ్చింది. మిగతావాళ్ళలో నూటికి ఆరుగురికి కూడా రాలేదు. సీటొచ్చిన తెల్లపిల్లల్లో 43 శాతానికి పైగా ఆటల కోసం తీసుకున్నవాళ్ళో, పూర్వ విద్యార్థుల పిల్లలో, అక్కడి ఉద్యోగుల పిల్లలో, అడ్మిషన్లు చూసే డీన్ ప్రత్యేకంగా గుర్తుపెట్టుకునే జాబితాలోని వాళ్ళో! ఆ జాబితాలో విరాళాలిచ్చేవాళ్ళ పిల్లలూ ఉంటారు. నల్లపిల్లల్లో, ఆసియా పిల్లల్లో, హిస్పానిక్ పిల్లల్లో అలాంటివాళ్ళు 16 శాతం కంటే తక్కువ. ఇన్నాళ్ళూ మన పిల్లల సీటు క్యాంటీన్ ఆవిడ కొడుకు లాంటివాళ్ళు పట్టుకుపోతున్నారన్నట్టు మాట్లాడుకున్నాం. అసలు సీటు ఎటు పోతోందో కళ్ళెదుటే ఉంది.

జాన్స్ హాప్కిన్స్ యూనివర్సిటీ, ఆమ్హర్స్ట్ కాలేజీ ఈ లెగసీ పద్ధతి మానేశాయి. ఎంఐటీ దాన్ని చూడనే చూడదు. కాలిఫోర్నియాలో 2024లో ప్రైవేటు యూనివర్సిటీలకి కూడా నిషేధిస్తూ చట్టం చేశారు. మానాలనుకుంటే మానొచ్చన్న మాట.

మన దగ్గర ఇలాంటివి లేవు, ర్యాంకు ఒక్కటే చూస్తారు అని నేను ఆఫీసులో చాలాసార్లు గొప్పగా చెప్పాను. నిజమే, మన కౌన్సెలింగ్‌లో మీ నాన్న ఎక్కడ చదివాడని ఎవరూ అడగరు. మా రోజుల్లో హాల్ టికెట్ నంబరూ ర్యాంకూ పేపర్లో పడేవి, ఎవరైనా చూసుకోగలిగేవారు. ఆ నమ్మకం చిన్నది కాదు, దాన్ని తక్కువ చెయ్యను. కానీ ఆ రాత్రి నిద్రపట్టక నా సీటు నాకెలా వచ్చిందో గుర్తుచేసుకున్నాను. 2001లో నా ఎంసెట్ ర్యాంకుకి మామూలుగా అయితే ఆ కాలేజీలో సీటు రాదు. ప్రతి కోర్సులో మూడో వంతు సీట్లు ఆడపిల్లలకి ఉండటం వల్ల వచ్చింది. 85 శాతం సీట్లు లోకల్ వాళ్ళకే కాబట్టి వచ్చింది. ఆ ర్యాంకైనా, నాన్న రెండెకరాలు కౌలుకిచ్చి గుంటూరులో హాస్టల్లో పెట్టి కోచింగ్ ఇప్పిస్తే వచ్చింది. మా ఊరి బళ్ళో లెక్కల్లో నాకంటే ముందుండే అమ్మాయి మిరపకాయల కోతల రోజుల్లో బడికి వచ్చేది కాదు. పదో తరగతితో ఆగిపోయింది. తమ్ముడికి మంచి ర్యాంకు రాకపోతే నాన్న డొనేషన్ కట్టి మేనేజ్‌మెంట్ సీటు కొన్నాడు. ఇవన్నీ మా ఇంట్లో అందరికీ తెలిసినవే. అయినా రిజర్వేషన్ల మాట వస్తే మెరిట్‌కి విలువ లేదని నేనే ముందు అనేదాన్ని.

ఇంకొకటి కూడా గుర్తొచ్చింది. కిందటి అక్టోబర్లో క్యాంటీన్ ఆవిడ కొడుకుని మా కౌన్సెలర్ పిలిపించారు. నేను పక్క బల్ల దగ్గర ప్రింట్లు తీసుకుంటున్నాను. దరఖాస్తులో, చదువు కాకుండా ఏమేం చేస్తావో రాయడానికి పది గడులుంటాయి. ఆ అబ్బాయి పదీ ఖాళీగా వదిలేశాడు. బడి అయ్యాక ఏం చేస్తావని అడిగితే, వారానికి ఇరవై గంటలు పని, చెల్లిని చూసుకోవడం, అమ్మమ్మతో ఆస్పత్రికి వెళ్ళి డాక్టరు మాటలు స్పానిష్‌లో చెప్పడం అన్నాడు. మరి రాయలేదేం అంటే, "ఇవి కూడా రాయొచ్చా?" అన్నాడు. రాయొచ్చు. జీతానికి చేసే పని, ఇంటి బాధ్యతలు అని దరఖాస్తులోనే ఉంది. ఆ అబ్బాయికి చెప్పినవాళ్ళు లేరు.

మా అమ్మాయి పది గడుల కోసం మేం ఏడో తరగతి నుంచీ చూసుకున్నాం. కూచిపూడి అరంగేట్రం, రోబోటిక్స్, సెలవుల్లో ఇండియా వెళ్ళినప్పుడు మా ఊరి బడికి పుస్తకాలు పంచడం. దరఖాస్తుతో పెట్టే 650 పదాల వ్యాసం దిద్దడానికి కన్సల్టెంట్‌కి మూడు వేల డాలర్లు కట్టాం. పిల్ల కష్టపడింది, అబద్ధం చెప్పను. ఎనిమిదో తరగతిలో ఆల్జీబ్రా పూర్తిచేస్తేనే పన్నెండో తరగతికి క్యాల్‌క్యులస్ అందుతుందని, ఇక్కడికి వచ్చిన రెండో ఏడే ఒక అక్కయ్య నాకు చెప్పింది. ఆవిడకి ఇంకెవరో చెప్పారు. మనలో మనం ఇవన్నీ చెప్పుకుంటాం. ఎస్ఏటీ మార్కులు సమానంగా ఉన్నా, ఐవీ లీగ్, మరో నాలుగు పెద్ద యూనివర్సిటీల్లో మధ్యతరగతి పిల్లలకంటే పై ఒక్క శాతం ధనవంతుల పిల్లలు చేరే అవకాశం రెట్టింపు పైనే ఉందని 2023లో ఆర్థికవేత్త రాజ్ చెట్టీ బృందం లెక్కగట్టింది. అది చదివి ఆ పై శాతంలో మేం లేమని ఊరటపడ్డాను. లేము నిజమే. కానీ ఆ అబ్బాయికీ మాకూ మధ్య కూడా మెట్లున్నాయి, వాటి మీద మేం పైనే ఉన్నాం.

ఇండియా నుంచి అమ్మానాన్నలొస్తే మనవాళ్ళు ముందు బ్రిడ్జ్‌వాటర్ గుడికి, తర్వాత ప్రిన్స్‌టన్ చూపించడానికి తీసుకెళ్తారు. మేమూ తీసుకెళ్ళాం. క్యాంటీన్ ఆవిడ ఇన్నేళ్ళలో ప్రిన్స్‌టన్ ఎప్పుడూ చూడలేదట. అరగంట దారి.

ఆవిడతో మళ్ళీ మాట్లాడటానికి నాకు నెల పట్టింది. వాళ్ళబ్బాయికి మా రాష్ట్ర ప్రభుత్వ యూనివర్సిటీ రట్గర్స్‌లో వచ్చింది, ఫీజు సాయం కూడా ఇచ్చారు. సంతోషంగా ఉందన్నాను. నిజంగానే ఉంది. మా పిల్లల కష్టం కూడా కష్టమే అని మాత్రం చెప్పాను, అది చెప్పకుండా ఉండలేకపోయాను. ఆవిడ ఔనంది. తర్వాత కూతురి మాట తీసింది. ఆ పిల్ల తొమ్మిదో తరగతి, ఆల్జీబ్రా వన్‌లో ఉంది, లెక్కలంటే ఇష్టం. వేసవిలో జామెట్రీ చేసేస్తే క్యాల్‌క్యులస్ అందుకోవచ్చు కదా, చేర్పించారా అని అడిగాను. అలాంటి క్లాసు ఉందని తనకి తెలియదంది.

ఆ క్లాసు గురించి తల్లిదండ్రులందరికీ ఫిబ్రవరిలో ఈమెయిల్ పంపింది నేనే. ఇంగ్లీషులో, ఒకే ఒక్కసారి. ఆఫీసుకి వచ్చి తేదీ చూశాను. గడువు శుక్రవారం, ఆ రోజు బుధవారం. దరఖాస్తు ప్రింటు తీసుకుని క్యాంటీన్‌కి వెళ్ళాను.