ఎథిక్స్ పేపర్‌లో నేను రాసిన అబద్ధం

సివిల్స్ మెయిన్స్‌కు చదువుతున్న మిత్రులకు జనరల్ స్టడీస్ నాలుగో పేపర్, అంటే ఎథిక్స్ (నీతిశాస్త్రం) పేపర్ గురించి ఒక మాట చెప్పాలని చాలాకాలంగా అనుకుంటున్నాను. ఏ పుస్తకాలు చదవాలి, రోజుకు ఎన్ని గంటలు కూర్చోవాలి అన్న వివరాలు ఇందులో ఉండవు. అవి ఇప్పటికే కావలసినన్ని దొరుకుతున్నాయి. 2013లో ప్రవేశపెట్టిన ఈ 250 మార్కుల పేపర్‌కు నేను తయారైన తీరులోనే నీతి లోపించిందని నాకు తెలిసివచ్చిన సందర్భం ఒకటి ఉంది. దాని గురించే రాస్తున్నాను.

మాది ఒడిశాలోని గజపతి జిల్లా పర్లాకిమిడి. ఊరు దాటి కాస్త దూరం వెళితే పాతపట్నం, అంటే ఆంధ్ర. ఇంట్లో తెలుగు మాట్లాడుతూ, బడిలో ఒడియాలో చదువుకుని, మెయిన్స్‌కు తెలుగు మాధ్యమం ఎంచుకున్నాను. ప్రశ్నపత్రం ఇంగ్లీషు, హిందీల్లోనే ఉంటుంది కాబట్టి ఇంగ్లీషులో చదివి తెలుగులో ఆలోచించి రాయాలి. ‘ఇంటెగ్రిటీ’ అన్న మాటకు సమగ్రత అని రాయాలా, నిజాయితీ అని రాయాలా, చిత్తశుద్ధి అని రాయాలా అన్న దగ్గరే నాకు కొన్ని వారాలు గడిచాయి. చివరికి, లోపల ఉన్నదీ బయట కనిపించేదీ ఒకటే కావడం అని వివరించి, ఆ తరువాత ఏ మాట వాడినా ఫరవాలేదనుకున్నాను.

ఒక టెస్ట్ సిరీస్‌లో, అంటే నమూనా పరీక్షల్లో, మీ నిజాయితీకి పరీక్ష ఎదురైన సందర్భాన్ని 150 పదాల్లో వివరించమని ప్రశ్న వచ్చింది. మెట్రిక్ పరీక్షలో ఎవరో చీటీ అందించబోతే నేను తిరస్కరించానని రాశాను. పదికి ఆరు మార్కులు, పక్కన ఎర్ర సిరాతో ‘మంచి ఉదాహరణ’ అన్న వ్యాఖ్య వచ్చాయి. గుణుపూర్ నుంచి విశాఖపట్నం వెళ్లే పాసింజరులో ఆ జవాబుపత్రం తిరగేస్తుంటే ఆ ఎర్ర సిరా దగ్గర నా చూపు ఆగిపోయింది, ఎందుకంటే ఆ రోజు చీటీ తీసుకున్నది నేనే.

జరిగింది ఇది. లెక్కల పరీక్ష నాడు మంచినీళ్లు అందించే కుర్రాడు గ్లాసు అడుగున ఎనిమిది మడతలు పెట్టిన రూళ్ల కాగితం పట్టుకుని వచ్చాడు. అందులో జ్యామితి సిద్ధాంతం ఒకటి పూర్తిగా రాసి ఉంది. ట్యూషన్‌కు వెళ్లే మా పట్నం పిల్లలందరికీ అలాంటి గ్లాసులే అందాయి, ఇన్విజిలేటర్ మాత్రం కిటికీలోంచి బయటకు చూస్తూ నిలబడ్డారు. నా వెనక బెంచీలో కొండ మీది ఊరి నుంచి వచ్చి హాస్టల్లో ఉండి చదువుకుంటున్న సవర తెగ గిరిజన కుర్రాడు కూర్చున్నాడు. అతనికి మంచినీళ్లే వచ్చాయి. ఆ ఏడాది అతను లెక్కల్లో తప్పాడు, మళ్లీ హాస్టల్‌కు రాలేదు. సవరల భాష నేర్చుకుని వారి పిల్లల కోసం ఆ భాషలోనే వాచకాలు రాసిన గిడుగు రామమూర్తి పంతులు పాఠాలు చెప్పిన ఊరు మాది. ఏటా ఆగస్టు 29న ఆయన పేరు చెప్పుకుంటూనే వెనక బెంచీని మరచిపోగలిగాం.

ఈ సంఘటనను నోట్సులోని సిద్ధాంతాల పక్కన పెట్టి చూసినప్పుడే అవి నాకు నిజంగా అర్థమయ్యాయి. అందరూ అలాగే చేస్తే ఏమవుతుందో ఆలోచించమని తత్వవేత్త కాంట్ అంటాడని కంఠస్థం చేశాను గానీ, కాపీ కొట్టేవాడికి మిగతావాళ్లు నిజాయితీగా రాయడం అవసరమని, లేకపోతే ఆ మార్కుకు విలువే ఉండదని నా సొంత చీటీని తలచుకున్నాకే తట్టింది. మంచిచెడ్డలను ఫలితాలను బట్టి తూచే తత్వవేత్త మిల్ పద్ధతిలో చూస్తే ఎవరికీ నష్టం లేదని నేను చాలాకాలం వాదించేవాణ్ని, కానీ ఆ లెక్కలో వెనక బెంచీని కలపలేదు. వీణ వాయించి వైణికుడైనట్టే న్యాయమైన పనులు చేసి న్యాయవంతుడవుతాడన్న అరిస్టాటిల్ మాట మరీ ఇబ్బంది పెట్టింది. పదహారేళ్లప్పుడు చీటీ తీసుకోవడం అభ్యాసమయింది కనుకనే ఎథిక్స్ పేపర్‌లో కట్టుకథ రాయడానికి నా చేయి వణకలేదు.

గాంధీజీ ‘కెటిల్’ ఉదంతాన్ని మనలో రాయనివారు ఉండరు. రాజకోట హైస్కూల్లో తనిఖీకి వచ్చిన గైల్స్ అనే అధికారి అయిదు ఇంగ్లీషు మాటలు రాయమంటే గాంధీజీ ‘కెటిల్’ స్పెల్లింగు తప్పు రాశారు. పక్కవాడి పలక చూసి దిద్దుకోమని ఉపాధ్యాయుడు బూటు మొనతో సైగ చేసినా ఆయన చూడలేదు. కాపీ కొట్టకుండా చూడడానికే ఉపాధ్యాయుడు అక్కడ ఉన్నాడనుకున్నానని, అందువల్ల ఆ సైగ అంతుపట్టలేదని, ఆ గురువు మీద గౌరవం మాత్రం తగ్గలేదని ఆయనే ఆత్మకథలో చెప్పుకున్నారు. దీన్ని వీరోచిత నిరాకరణగా రాయడం సరికాదని నా అభిప్రాయం. అమాయకత్వాన్ని అమాయకత్వంగానే ఒప్పుకున్న ఆ పద్ధతిలోనే అసలు నిజాయితీ ఉంది. తప్పు చేయమని చెప్పిన పైఅధికారిని అవమానించకుండా ఆ తప్పుకు దూరంగా ఉండడం ఎలాగన్న కేస్ స్టడీలకు (ఒక సందర్భం ఇచ్చి ఏం చేస్తారని అడిగే ప్రశ్నలకు) కూడా ఈ ఉదంతం ఆ కోణంలోనే పనికివస్తుంది.

ప్రశ్నపత్రాల లీకేజీ మీద రాసేటప్పుడు కూడా తొందరపడవద్దు. 2024 జూన్ 21 నుంచి అమల్లో ఉన్న, పబ్లిక్ పరీక్షల్లో అక్రమాలను అరికట్టే కేంద్ర చట్టం మామూలు అక్రమాలకు మూడు నుంచి అయిదేళ్ల జైలు, పది లక్షల రూపాయల వరకు జరిమానా, వ్యవస్థీకృత నేరానికైతే అయిదు నుంచి పదేళ్ల జైలు, కనీసం కోటి రూపాయల జరిమానా విధిస్తుంది. అయితే అభ్యర్థులను ఆ చట్టం కింద శిక్షించరు, పరీక్ష నిర్వహించే సంస్థ నిబంధనలే వారికి వర్తిస్తాయి. చాలామంది జవాబుల్లో ఈ తేడా కనిపించదు. పరీక్ష రద్దు చేస్తానని ఒక్క వాక్యంతో కేస్ స్టడీ ముగించడం నాకూ అలవాటుగా ఉండేది. 2024 జూన్ 18న జరిగిన యూజీసీ నెట్‌ను (అధ్యాపకుల అర్హత పరీక్షను) మరునాడే రద్దు చేశారు, వైద్య ప్రవేశ పరీక్ష నీట్ విషయంలోనేమో వ్యవస్థ అంతటా లీకేజీ జరిగినట్టు ఆధారాల్లేవని సుప్రీంకోర్టు జూలైలో పునఃపరీక్షకు నిరాకరించింది. రెండుచోట్లా నిజాయితీగా రాసినవారి బాగోగులే వాదనకు కేంద్రమయ్యాయని గమనించాక, రద్దు చేస్తే ఎవరు నష్టపోతారు, చేయకపోతే ఎవరు నష్టపోతారు అన్నది ముందు రాసి, నిర్ణయం ఆ తరువాత రాయడం నేర్చుకున్నాను.

పరిశోధనా వ్యాసాల్లో ఇతరుల రచనలతో పోలిక 10 శాతం లోపు ఉంటే చర్య ఉండదనీ, 60 శాతం దాటితే విద్యార్థి రిజిస్ట్రేషన్ రద్దు చేయాలనీ యూజీసీ 2018 నిబంధనలు చెబుతున్నాయి. జరగని సంఘటనను సొంత అనుభవంగా రాస్తే పోలిక శాతం సున్నా వస్తుంది. దాన్ని పట్టుకునే సాఫ్ట్‌వేర్ లేదు. అందుకే నోట్సులో ప్రతి ఉదాహరణ పక్కన ‘చూసింది’, ‘చేసింది’, ‘చదివింది’ అని గుర్తు పెట్టుకోవడం మొదలుపెట్టాను. ‘చేసింది’ అన్న గుర్తున్నవి చాలా తక్కువ తేలాయి. పరీక్షలో మన తప్పులన్నీ ఒప్పుకోవాలని నేను అనను. జరిగినవాటిలోంచి మరొకదాన్ని ఎంచుకోవచ్చు, కల్పించడం మాత్రం వద్దు. ఆ తరువాతి మెయిన్స్‌లో ఈ పేపర్ మార్కులు కొంత పెరిగాయి. నిజం రాసినందుకే పెరిగాయని చెబితే అది మరో కట్టుకథ అవుతుంది.

ఆ టెస్ట్ జవాబును గ్లాసు, చీటీ, వెనక బెంచీతో సహా తిరగరాసి అదే మూల్యాంకకుడికి పంపాను. ఈసారి అయిదు మార్కులే వచ్చాయి. ‘వ్యక్తిగత బలహీనతలు రాయకపోవడం మంచిది’ అని పక్కన అదే ఎర్ర సిరాతో రాశారు. రెండు కాగితాలనూ ఒకే ఫైల్లో పెట్టుకున్నాను.